మార్కండేయుడి రాయి

ఆ చలికాలం నేను మంచివాణ్ణి కాను. ఈ మాట ముందే చెప్పేస్తే నాకూ తేలిక, చదివేవాళ్ళకీ తేలిక. కరోనా రెండో వేవ్‌లో నా భార్య పోయింది. సూరత్ పక్కన హజీరాలో నేను పనిచేసే ఉక్కు ప్లాంటు నుంచి ఆ రోజుల్లో ఊళ్ళో ఆసుపత్రులకి ఆక్సిజన్ ట్యాంకర్లు వెళ్ళేవి. గేటు దాటే కాగితాల మీద సంతకం నాదే. ఆమెకి ఆక్సిజన్ తక్కువ కాలేదు, మందులు తక్కువ కాలేదు, డాక్టర్లు తక్కువ కాలేదు. పదకొండు రోజులుండి పోయింది. ఆ పదకొండు రోజులూ నేను ఆసుపత్రి గోడ బయట కారులో కూర్చున్నాను. లోపలికి పోనివ్వలేదు.

తరవాత నాకు బతికి బయటపడ్డవాళ్ళంటే ఒళ్ళుమంట పట్టుకుంది. లిఫ్టులో ఎవరైనా "మాకూ వచ్చింది సార్, దేవుడి దయవల్ల గట్టెక్కాం" అంటే, ఆ దేవుడెవరో అడ్రసు చెప్పమని గొంతు పట్టుకోవాలనిపించేది. పట్టుకోలేదు. నవ్వి, నా ఫ్లోరు రాగానే దిగిపోయేవాణ్ణి.

పాత గుళ్ళు చూడటం నాకు చిన్నప్పటి నుంచి పిచ్చి. పడిపోయిన గుళ్ళయితే మరీను. కాలనీలో ఒకాయన, నా ముఖం చూడలేక కాబోలు, ఒక ఫోన్ నంబరిచ్చాడు. కామ్‌రేజ్ దాటి బార్డోలీ వైపు పోతే చెరకు చేల మధ్య వెయ్యేళ్ళ నాటి గుడి శిథిలాలున్నాయట. దాన్ని తెలుగులో విప్పి చెప్పే గైడు ఒకడున్నాడట. సూరత్‌లో తెలుగు గైడేమిటని నవ్వొచ్చింది. చాలా రోజుల తరవాత వచ్చిన నవ్వు, అందులోనూ సగం వెటకారమే.

ఫోన్ చేశాను. సూరత్‌లో తెలుగు నేతపనివాళ్ళుండే లింబాయత్‌లో ఉంటాడు. సిరిసిల్ల వైపు మనిషి. పాతికేళ్ళు సాంచాల మీద, అంటే మరమగ్గాల మీద, పనిచేశాడు. మొదటి లాక్‌డౌన్‌లో సాంచాలు బందయితే తోటివాళ్ళంతా ఊరిదారి పట్టారు. ఇతను మాత్రం ఆ చెరకు చేలకి కావలి పనిలో కుదిరాడు. చేను పక్కనే గుడి. పొద్దస్తమానం దాన్ని చూసి చూసి గైడయిపోయాడు.

"ఆదివారం రాండ్రి సార్, మొత్తం తిప్పి చూపిస్త. గని ఒక్క మాట. నా భార్యను గూడ మీ కారుల తెస్త సార్. ముందరి సీట్ల సప్పుడు చెయ్యకుంట కూసుంటది" అన్నాడు.

"ఎందుకు?"

"ఆమెకు కరోనా అయ్యింది గద సార్. పానం దక్కింది గని దగ్గు పోలె, దమ్ము అస్తలేదు. బస్సు ఎక్కుడు దిగుడు చాతగాదు. ఆ గుళ్ళె మొక్కు ఉన్నది. ఇద్దరం గల్సి తీర్చాలె. అది తీరినంక దమ్ము గూడ మంచిగ అస్తదని నా నమ్మకం."

దగ్గే మనిషిని మూసిన కారులో కూర్చోబెట్టుకోనని చెప్పాను. ఆమెకి జబ్బు వచ్చి ఏడు నెలలైంది, అంటుకునేది ఏమీ మిగిలి ఉండదని నాకు తెలుసు. తెలిసే చెప్పాను. అతను "సరె సార్" అన్నాడు.

ఆదివారం పొద్దున కామ్‌రేజ్ చౌరస్తా దగ్గర ఒక్కడే నిలబడి ఉన్నాడు. యాభై దాటిన బక్కపల్చని మనిషి, ఇస్త్రీ చొక్కా, రెండు మాస్కులు. వెనక సీటులో కూర్చోమన్నాను. కిటికీలు దింపి, చలిగాలిలో పోనిచ్చాను. దారి పొడవునా అతను గొంతు పెంచి మాట్లాడుతూనే ఉన్నాడు, గాలికి సగం మాటలు పోయాయి. నేను మళ్ళీ అడగలేదు.

చెరకు నరికిన చేల మధ్య మట్టిదారిలో కారాపి దిగేసరికి కూలిన మండపం మెట్ల మీద ఒకామె కూర్చుని ఉంది. స్వెట్టరు మీద కొంగు కప్పుకుంది. ఒళ్ళో ప్లాస్టిక్ సంచి.

"నా భార్య సార్. తెల్లారంగ బస్సు ఎక్కిచ్చిన. రోడ్డు కాడికెల్లి ఆగుకుంట ఆగుకుంట నడిచొచ్చింది. మీరేం ఫికర్ చెయ్యకుండ్రి, దగ్గరికి రాదు. మీరు చూసుడు అయినంకనే మేం మొక్కు తీర్చుకుంటం" అన్నాడు.

ఆమె లేచి నిలబడి దండం పెట్టింది. లేవడానికి స్తంభం పట్టుకోవలసి వచ్చింది. నేను తల ఊపి ముందుకి నడిచాను.

గుడి నిజంగా బాగుంది. గర్భగుడి పైకప్పు పోయింది, లోపల విగ్రహం లేదు, కానీ ద్వారబంధం చెక్కుచెదరలేదు. గోడల మీద నడుం విరుచుకుని నిలబడ్డ ఆడవాళ్ళ బొమ్మలు. ముక్కులు ఎవరో కొట్టేశారు. అతను ఒక్కో బొమ్మ ముందు ఆగి చెప్పడం మొదలుపెట్టాడు. అన్నిటికంటే ముందు, ఈ గుడి కాకతీయులు కట్టించారన్నాడు.

"కాకతీయులు తాపీ ఒడ్డుకొచ్చి గుడి కట్టారా? బస్సులో వచ్చారా?" అన్నాను.

"ఆళ్ళ సుట్టాలు కట్టిండ్రేమో సార్" అన్నాడు.

మామూలు రోజుల్లో అయితే ఆ జవాబుకి పొంగిపోయి అతన్ని భోజనానికి పిలిచేవాణ్ణి. ఆ రోజు పరీక్ష పెట్టే హెడ్మాస్టరునయ్యాను. ఈ శిల్పం ఎవరిది, అది ఏ వాహనం, ఆ చేతిలో ఏముంది. అడగడం, తప్పు చెప్పించడం, దిద్దడం. చోళులూ పాండవులూ, ఎవరు గుర్తొస్తే వాళ్ళని తెచ్చాడు. ప్రతిసారీ దిద్దాను. అతను "గట్లనా సార్, నాకెర్కలేదు, ఇగ నుంచి గట్లనే చెప్త" అని ఒప్పుకుంటూ పోయాడు. ఒక్క చోట మాత్రం దిద్దడానికి నాకేమీ దొరకలేదు. ఒక బొమ్మ కట్టుకున్న చీర కుచ్చిళ్ళు చూపించి, ఆ అంచు నేత ఎలాంటిదో, చెక్కినవాడు మగ్గం దగ్గర కూర్చుని చూడకపోతే ఆ మడత అలా పడదనీ చెప్పాడు. అది నిజమని చూస్తే తెలిసిపోతోంది. ముందుకి పదమన్నాను.

కావాలని ఆలస్యం చేశాను. నేను కదిలితే తప్ప వాళ్ళ మొక్కు తీరదు. మెట్ల మీద ఆమె ఎండ ఎటు జరిగితే అటు జరుగుతూ కూర్చుంది. నడుమ నడుమ దగ్గు వినపడేది. ఒకటికి రెండుసార్లు ఒకే గోడ చుట్టూ తిరిగాను.

చివరికి వెనక పెరట్లోకి తీసుకెళ్ళాడు. అక్కడ నడుమెత్తున ఒక గుండ్రటి నల్లరాయి నేలలో పాతుకుపోయి ఉంది. దాని నిండా పసుపూ కుంకుమా, చుట్టూ వందల వరసల దారాలు. సూరత్ మిల్లుల పాలియెస్టర్ దారం, రంగురంగులది. అతను చెప్పులు విడిచాడు. గొంతు మారింది.

"మేం పద్మశాలోళ్ళం సార్, మార్కండేయుని వంశం. యముడు పాశం ఇసిరితే ఆయన శివలింగాన్ని కావలిచ్చుకున్నడు గద. గది గీ లింగమే. కింద సూడుండ్రి, అభిషేకం నీళ్ళు పోయే తొవ్వ గూడ ఉన్నది. లింబాయత్‌ల ఎవలకు పానం మీదికొచ్చినా మేం సాంచా మీది దారం తెచ్చి దీనికి సుట్టి కావలిచ్చుకుంటం. నా భార్య దవాఖానల ఉన్నప్పుడు నన్ను లోపటికి రానియ్యలె. సీదా ఈడికొచ్చిన. మూడు దినాలు పట్టుకొని కూసున్న సార్. నాలుగో దినం ఆమె మొకానికి పెట్టిన మిషిని తీసిండ్రు. బతికితే ఆమెను తోలుకొచ్చి ఇద్దరం గల్సి పట్టుకుంటమని మొక్కిన. ఆమె వచ్చుడే గాలె ఇన్నొద్దులు."

అతను నా వైపు తిరిగి, ఎంతో మర్యాదగా అడిగాడు. "మీ మేడం మంచిగున్నదా సార్? మీరు గూడ ఆమె పేరు మీద పట్టుకోండ్రి."

"పోయింది. ఆ వేసవిలోనే."

అతని కళ్ళలో నీళ్ళు తిరిగాయి. నిజం నీళ్ళు. మెట్ల వైపు తిరిగి "సారోళ్ళ మేడం గూడ కరోనాల పోయిందంట" అని భార్యకి కేకేసి చెప్పాడు. "అయ్యో సార్. గప్పుడు మీరు నాకు ఎర్క లేకపోతిరి. ఒక్క ఫోన్ కొడితే ఆమె పేరు మీద గూడ నేనే పట్టుకుంటుంటి గద."

ఆ మాట అతను ప్రేమగా అన్నాడు. నాకు మాత్రం, నీకు రాయి దొరకలేదు కాబట్టి నీ భార్య పోయింది అన్నట్టు వినపడింది. పదకొండు రోజులు నేను గోడ బయట కూర్చున్నాను, ఇతను మూడు రోజులు రాయి పట్టుకున్నాడు, ఇతని భార్య మెట్ల మీద ఎండ కాచుకుంటోంది. అంత కోపం నా జన్మలో ఎప్పుడూ రాలేదు.

ఆ రాయేమిటో నాకు చూడగానే తెలిసింది. మాది అనకాపల్లి వైపు, బెల్లం ఊరు. ఇనుప గానుగలు రాకముందు చెరకు పిండింది రాతి గానుగలతోనే. మా తాతగారి దొడ్లో అలాంటి రాయే పశువుల కుడితి తొట్టిగా పడి ఉండేది.

"ఇది లింగం కాదు, గానుగ. చెరకు గానుగ" అన్నాను.

"ఆఁ?"

"దీని పైన మట్టి తియ్యి."

తియ్యలేదు. నేనే తీశాను. పుల్లతో పెళ్ళగించి, చేత్తో తోడి, పసుపూ కుంకుమా మట్టీ కలిపి కింద పోశాను. జానెడు లోతున గుంట బయటపడింది. నా చేతిలోని నీళ్ళ సీసా అందులో వంపాను. కాసేపటికి కింద అతను అభిషేకం తూము అన్న చోటునుంచి ఎర్రగా నీళ్ళు కారాయి.

"చూశావా? చెరకు ఇక్కడ వేస్తారు. మధ్యలో రోకలి లాంటి దుంగ నిలబెట్టి ఎద్దుని కట్టి తిప్పుతారు. రసం అక్కడ కారుతుంది. కింద కుండ పెట్టుకుంటారు. బార్డోలీ వైపు చేలల్లో ఇలాంటివి ఇంకా ఉంటాయి. నువ్వు మూడు రోజులు పట్టుకుని కూర్చున్నది బెల్లం ఫ్యాక్టరీని."

ఆ చివరి మాట చెప్పనక్కర్లేదు. బాగా పేలుతుందని చెప్పాను.

అతను వాదిస్తాడనుకున్నాను. వాదించి ఉంటే నేను అక్కడితో వదిలేసి ఉండేవాణ్ణేమో. కానీ అతను పాతికేళ్ళు యంత్రం దగ్గర బతికిన మనిషి. మోకాళ్ళ మీద కూర్చుని ఆ గుంటలోకి చెయ్యి పెట్టాడు. వేళ్ళు లోపలి అంచు వెంబడి గుండ్రంగా తిప్పాడు, మళ్ళీ తిప్పాడు. సాంచాలో ఏ ముక్క ఎక్కడ రాసుకుని అరిగిందో వేలితో చూసి చెప్పే పని అతనిది. ఆ వేలే అతనికి చెప్పేసింది.

"అరిగింది సార్. తిరిగి తిరిగి అరిగింది" అన్నాడు మెల్లగా. "ఇది మిషినే."

చెయ్యి బయటికి తీసి ప్యాంటుకి తుడుచుకున్నాడు. అప్పటికి నా కోపం చల్లారిపోయింది. గెలిచినట్టు కూడా అనిపించలేదు. కాకతీయుల దగ్గర వాడిన వెటకారం ఏదో గొంతులోకి వచ్చింది గాని, మింగేశాను.

ఇటు తిరిగేసరికి ఆమె వచ్చేసి ఉంది. మేం పెరట్లోనే ఆగిపోవడంతో మా పని అయిపోయిందనుకున్నట్టుంది. సంచిలోంచి దారం కండె తీసి, కొస విప్పి ఎడమ చేత్తో పట్టుకుంది. నాకు దూరంగా ఉండాలని చుట్టు తిరిగి, రాయికి అటువైపు చేరింది. అంత నడకకే రొప్పుతోంది. మాస్కు కిందకి లాగి రెండు సార్లు గాలి పీల్చుకుని, రాయి మీదకి వంగుతూ రెండు చేతులూ చాచింది.

"వద్దు" అన్నాడతను. ఆమె మోచెయ్యి పట్టుకుని వెనక్కి లాగాడు. "పట్టకు. ఇది దేవుడు గాదు. చెరుకు పిండే గానుగంట. సారు చూపిచ్చిండు. నేను గూడ చూసిన."

ఆమె చాచిన చేతులు దించలేదు. ఒకసారి రాయి వంక, ఒకసారి మొగుడి వంక చూసింది. కింద తడిసిన ఎర్రమట్టి చూసింది. తరవాత, కాస్తో కూస్తో చదువుకున్నవాణ్ణి నేనే కాబట్టి నన్ను అడిగింది.

"మరి నేను ఎట్ల బతికిన సారూ?"

"మందులకి. ఆసుపత్రిలో ఇచ్చిన మందులకి బతికావమ్మా" అన్నాను. వీలైనంత మెత్తగానే అన్నాను.

ఆమెకి దగ్గు వచ్చింది, ఆగేదాకా ఆగింది. తరవాతి ప్రశ్నలో ఎత్తిపొడుపు లేదు, తెలుసుకోవాలనే అడిగింది.

"మీ మేడంకు ఆ మందులియ్యలేదా సారూ?"

"ఇచ్చారు" అన్నాను. "అవే ఇచ్చారు."

ఆమె తల ఊపింది. విప్పిన దారం తిరిగి కండెకి చుట్టుకుని సంచిలో వేసుకుంది. అతను ఆమె భుజం చుట్టూ చెయ్యి వేశాడు. ఇద్దరూ ఆ రాయిని తాకకుండా పక్కనుంచి దాటి రోడ్డు వైపు బయలుదేరారు. పది అడుగులకొకసారి ఆమె ఆగుతోంది, ఆమె కోసం అతనూ ఆగుతున్నాడు.