లేని అమ్మవారికి దరువు

కువైట్‌లో మేం వేసిన జానపద నాటకానికి దొరికిన ఒక్క డప్పు కళాకారుణ్ణి బేరమాడి సాగనంపింది నేనే. కిరాణా కొట్టువాళ్ళ ఇంట పుట్టినవాణ్ణి, ఆ మాత్రం చేయలేనా?

నాటకంలో రాజ్యమూ కల్పితమే, అమ్మవారూ కల్పితమే. పూజ ఘట్టానికి వాద్యం కావాలి. ఊరికి దూరంగా అహ్మదిలో వడ్రంగం చేసే కోనసీమ ఆయన, జాతరల్లో అమ్మవారి కుండలు తలకెత్తుకుని ఆడేటప్పుడు కొట్టే గరగల దరువు వేస్తానని, రానూపోనూ కారు చార్జీ అడిగాడు.

"లేని అమ్మవారికి సగం చార్జీ చాల్లేన్నా," అన్నాను.

"అమ్మవారు లేకపోయినా చేతులు ఉన్నాయి కదండీ," అని వెళ్ళిపోయాడు.

ఇక దరువు బదులు మంత్రాలు నేనే కట్టాను. దేవభాషలా వినిపించాలని మా ఫోర్‌మన్ అరబ్బీ మాటలు పేర్చాను. ఖైతాన్‌లో నాటకం రోజున పూజారి వేషగాడు కళ్ళు మూసుకుని "బుక్రా... బుక్రా..." అని ఎత్తుకున్నాడు. జీతం అడిగినప్పుడల్లా "రేపు" అని వినే మాట అది. హాలు హాలంతా "ఫులూస్ మాఫీ", డబ్బుల్లేవు, అని వంత పాడింది. అమ్మవారు కిరీటం పట్టుకుని నవ్వింది.

నేను ఇస్తానన్న ఆ సగం చార్జీ, అలిగిన పూజారికి చాయ్ కింద చెల్లిపోయింది. గరగల దరువు మాత్రం నేను ఇప్పటికీ వినలేదు.