పడక కుర్చీ కుడి చెయ్యి

పన్నెండేళ్ల క్రితం వేసవి మొదట్లో, ఒక చిన్న సినిమాకు ఆర్ట్ డైరెక్టరుగా మొగల్తూరు దగ్గర పల్లెలో నలభై రోజుల పని ఒప్పుకున్నాను. తెర మీద మనుషులు తప్ప మిగతా కనిపించేదంతా సమకూర్చడం ఆర్ట్ డైరెక్టరు పని. చిన్న సినిమాల్లో చిల్లర వేషాలకు ఆ మనుషుల్ని కూడా మేమే వెతికిపెట్టాలి.

కథలో ఒక ముసలావిడ వేషం ఉంది. దానికోసం ఇల్లిల్లూ తిరుగుతుంటే సత్యవతి గారు కనిపించారు. భర్త పోయి రెండేళ్లయింది. కొడుకు సుబ్బారావు వరి, కొబ్బరి చూసుకుంటున్నాడు. ఆవిడది నేను వెతుకుతున్న ముఖమే. వేషం వేస్తారా అంటే నవ్వేశారు.

"నాకెందుకండీ వేషాలు! ఆ కుర్చీ పట్టుకెళ్లండి. మా ఆయనకి సినిమాలంటే పిచ్చండి. ఆయన కుర్చీ అయినా తెర మీద పడుద్ది."

అరుగు మీద టేకు పడక కుర్చీ ఉంది. దాని కుడి చెయ్యి చివర ఆయన బొటనవేలి రాపిడికి చిన్న గుంట పడి, చెమటకీ నూనెకీ నల్లగా నిగనిగలాడుతోంది. కొత్త వస్తువుకు అలాంటి పాతదనం తెప్పించడాన్ని మేం ఏజింగ్ అంటాం. టీ డికాక్షన్, మసి, మైనం పట్టుకుని రోజంతా కుస్తీ పడితే గానీ అది రాదు. ఇక్కడ ఊరికే దొరికింది. అరువు సామాన్ల లెక్క రాసే ప్రాపర్టీ రిజిస్టరులో రాసుకుని, దగ్గరగా ఫొటోలు తీసి, అడుగున సుద్దతో నంబరు వేసి పట్టుకెళ్లాం.

అరువు తెచ్చిన వస్తువును తెచ్చినప్పటికన్నా బాగుచేసి తిరిగివ్వాలనేది నా నియమం. అది చూసుకుని నాకు కాస్త గర్వం కూడా ఉండేది. షూటింగ్ అయ్యాక కుర్చీని గరుకు కాగితంతో రుద్దించి, గుంటలో లప్పం పెట్టించి, వార్నిష్ వేయించి, నేనే దగ్గరుండి దింపాను. సుబ్బారావు మురిసిపోయాడు.

"కొత్త పెళ్లికొడుకులా ఉందండి!"

సత్యవతి గారు కుర్చీ పక్కన నేల మీద కూర్చున్నారు. దాని కుడి చెయ్యి మీద అరచెయ్యి వేసి, వెంటనే తీసేశారు. బాగుందండి అని ఒక్క మాట అని లోపలికి వెళ్లిపోయారు.

మర్నాడు సుబ్బారావు నేనున్న చోటికి వచ్చి, మొహమాటపడుతూ అసలు సంగతి చెప్పాడు. తండ్రి పోయిన దగ్గర్నుంచీ వాళ్లమ్మ రోజూ మధ్యాహ్నం అన్నం తిన్నాక ఆ గుంటలో వేలు పెట్టుకుని కాసేపు కూర్చునేవారట. నిన్నటినుంచి అరుగు మీదకే రాలేదట. సాటి మనిషి ఇంట్లో ఇంత పాడుపని చేసి మెప్పు కోసం నిలబడ్డానే అని సిగ్గేసింది.

ఫొటోలు ముందు పెట్టుకుని రెండు రోజులు ఆ అరుగు మీదే కూర్చున్నాను. లప్పం తవ్వి, గుంట చెక్కి, డికాక్షన్ పట్టించి, మసి రుద్ది, మైనంతో తోమాను. నా వృత్తిలో ఇంకే వస్తువూ అంత బాగా కుదరలేదు. సుబ్బారావు తేడా పట్టలేకపోయాడు. సత్యవతి గారు వచ్చి గుంటలో బొటనవేలు పెట్టి మెల్లగా తిప్పి చూశారు.

"చూడ్డానికి అచ్చం ఆయనదేనండి. పాపం, మీరు చాలా కష్టపడ్డారు బాబూ. కానీ ఇది మీరు చేసింది కదండీ. ఇదీ తీసెయ్యండి. రంగేమీ వెయ్యకండి, వట్టి చెక్క వదిలెయ్యండి. రోజూ నేనే చెయ్యేసుకుంటాను. నేను పోయేలోపు కాస్తయినా నల్లబడుద్ది."

ఆవిడ చూస్తుండగానే అంతా గీకేశాను.

ఇప్పుడు సినిమా పని మానేశాక సెట్ల మీద తడి ప్లాస్టర్ వాసన, వడ్రంగుల కేకలు అప్పుడప్పుడూ గుర్తొచ్చి మనసు లాగుతుంది. వాటన్నిటికన్నా ఎక్కువగా ఆ అరుగు మీదకి వెళ్లాలని ఉంటుంది. కుర్చీ చెయ్యి ఏ మాత్రం నల్లబడిందో చూడాలని ఉంటుంది. ఆవిడ ఉన్నారో లేరో తెలియదు. ఆ పల్లెకు దగ్గర్లోని నర్సాపురం దాకా రెండుసార్లు వెళ్లి, ధైర్యం చాలక వెనక్కి వచ్చేశాను.

ఆ సినిమా తర్వాత నా నియమం మార్చుకున్నాను. ప్రాపర్టీ రిజిస్టరులో ఒక గడి కొత్తగా చేర్చి, వస్తువు మీద తుడవకూడనిది ఏమిటో ఇంటివాళ్లను అడిగి రాయించేవాణ్ని. చాలామంది ఏమీ లేదంటారని అనుకున్నాను. ఆ గడి ఖాళీగా వదిలిన ఇళ్లు చాలా తక్కువ.