దాని యూనిట్ ఏమమ్మా?

రిటైరయ్యే ముందు నన్నొక పదకోశం కమిటీలో కూర్చోబెట్టారు. చదువుల్లో వాడే ఇంగ్లీషు మాటలకు తెలుగు మాటలు చూసే పని. ‘స్ట్రెస్’ దగ్గరికి వచ్చేసరికి కమిటీ పెద్దాయన, "ఒత్తిడి అని రాసి ముందుకు పోదామమ్మా, భోజనాల వేళయింది" అన్నారు. నేను ఒప్పుకోలేదు. ఇంజనీర్ల స్ట్రెస్ వేరు, మొక్కలు చదివేవాళ్ళది వేరు, డాక్టర్లది వేరు, ఉచ్చారణ నేర్పేవాళ్ళది వేరు, నాలుగూ విడివిడిగా రాయాల్సిందే అన్నాను. ఒక్క మాటకు ఇన్ని వాకిళ్ళు దేనికని ఆయన విసుక్కున్నారు. నాది మొండిపట్టని నాకూ తెలుసు. నా పుణ్యమా అని ఆ రోజు అందరూ చల్లారిన సాంబారు తిన్నారు.

ఎందుకంత పట్టుపట్టానో అక్కడ చెప్పలేదు. ఆ వాకిళ్ళ మధ్య దారి తెలియక మా నాయన మాకు దక్కకుండా పోవాల్సింది. అది కమిటీలో చెప్పే మాట కాదు.

మా నాయన కోలారు బంగారు గనుల్లో పని చేశాడు. గనులు సర్కారు చేతికి వచ్చాక చేరినవాళ్ళలో ఆయనొకడు. తవ్వే పని కాదు, కొలిచే పని. లోపల రాతిలో రంధ్రాలు తొలిచి మీటర్లు అమర్చి ఉండేవారు. వారానికి రెండుసార్లు దిగి, రాయి మీద ఎంత బరువు పడుతోందో ఆ మీటర్లలో చూసి, రిజిస్టరులో రాసుకుని పైకి వచ్చేవాడు. ఆ బరువు పేరే స్ట్రెస్. ఇంట్లో ఉప్పు, చింతపండు ఎంత మామూలు మాటలో మాకు అదీ అంతే. "ఈ వారం కింద స్ట్రెస్ ఎక్కువగా ఉండాది" అని ఆయనంటే, అమ్మ వెంటనే పై అరలో గిన్నెలన్నీ కిందికి దించేది.

దించకపోతే అవే దిగేవి. భూమి అడుగున రాయి బరువు ఓర్చుకోలేక ఒక్కసారిగా పగిలితే, మా క్వార్టర్సులో గోడలు కదిలి గిన్నెలు గలగలమనేవి. ఆ చప్పుడు వినగానే ఆడవాళ్ళంతా వాకిట్లోకి వచ్చి నిలబడేవాళ్ళు. తన మనిషి ఆ పూట పైనే ఉన్నా సరే, కింద ఉన్నవాళ్ళంతా వచ్చారని తెలిసేదాకా ఏ ఒక్కతీ లోపలికి పోయి పొయ్యి వెలిగించేది కాదు. అది మా వీధి కట్టుబాటు. అమ్మ ఆ కాసేపూ నా చెయ్యి ఎంత గట్టిగా పట్టుకునేదంటే, వేళ్ళు తిమ్మిరెక్కేవి.

తవ్వి రాయి తీసిన చోట గ్రానైటు దిమ్మెలు గోడలాగా పేర్చి వచ్చేవాళ్ళని నాయన చెప్పేవాడు. "బరువు యాడికీ పోదమ్మా. ఒక చోట తీసినామంటే పక్కదాని నెత్తిన పోయి కూర్చుంటాది. తీసిన చోట రాళ్ళు పేర్చితేనే పైనది నిలుస్తాది." ఎనిమిదేళ్ళ పిల్లకు ఇదంతా దేనికని అమ్మ కసురుకునేది. నాకేమో కథలకంటే ఇదే బాగుండేది.

తరువాత నేను బెంగళూరులో తోటల చదువు చదివాను. అక్కడ మొదటి ఏడే స్ట్రెస్ మళ్ళీ ఎదురైంది, వేరే వేషంలో. నీళ్ళు చాలకపోయినా, ఎండ ఎక్కువైనా, పురుగు పట్టినా, నేల ఉప్పగా ఉన్నా, మొక్క పడే అవస్థ ఏదైనా స్ట్రెస్సే అన్నారు. నాకు చుట్టాన్ని చూసినంత సంతోషమైంది. ఆ సాయంత్రమే నాయనకు ఉత్తరం రాశాను. ఆయన జవాబు కార్డు మీద వచ్చింది. "నీ ఉత్తరం చేరింది. అంతా బాగుండాము. దాని యూనిట్ ఏమమ్మా?"

ఆకులో నీటికైతే కొలత ఉంది కానీ, మొత్తం అవస్థకు ఒకటే యూనిట్ లేదని రాశాను. "యూనిట్ లేకపోతే అది స్ట్రెస్ కాదు. అన్ని కష్టాలకూ ఒకటే పేరు పెట్టేది సోమరితనం" అని ఇంకో కార్డు. హాస్టల్లో నా గదిలో ఉండే అమ్మాయి ఇంగ్లీషు ఎమ్మే. వాళ్ళకు స్ట్రెస్ అంటే మాటలో ఏ అక్షరం దగ్గర నొక్కి పలకాలో అది. అదీ రాశాను. "అది ఉత్త గాలి" అన్నాడు. ఈ పోట్లాట ఏళ్ళపాటు సాగింది. నాకు పెళ్ళై, బెంగళూరులోనే ఉద్యోగంలో కుదిరాక కూడా పండక్కి పోతే, నేను చెప్పులు విడవకముందే, "ఏమమ్మా, దొరికిందా యూనిట్?" అనేవాడు.

గని మూసేశారు. మూస్తారని ఏళ్ళుగా అనుకుంటున్నదే. అనుకున్నది జరిగితే దెబ్బ తగలదని మేము అనుకోవడమే తప్పు. మొదటి నెలంతా ఆయన రోజూ అదే వేళకు స్నానం చేసి, చొక్కా వేసుకుని, వాకిట్లో నిలబడి, తిరిగి లోపలికి వచ్చేవాడు. తరువాత చొక్కా వేసుకోవడం మానేశాడు. మాట తగ్గింది. రాగి ముద్దలో సగం పళ్ళెంలోనే మిగిలేది. మెడ ఎముకలు బయటికొచ్చాయి. "మీ నాయన నాకు దక్కేట్టు లేడమ్మా" అని అమ్మ ఫోన్లో అంటే, ఆ రాత్రి బస్సుకే బయలుదేరాను.

కోలారులో డాక్టరుకు చూపించాం. అన్ని పరీక్షలూ చేసి ఆయన, "ఒళ్ళు బాగుంది పెద్దాయనా. ఇది స్ట్రెస్, అంతే" అన్నాడు. నాయన చాలా రోజులకు తల ఎత్తాడు. "దాని యూనిట్ ఏమి సార్?" డాక్టరు నవ్వాడు. ఆ నవ్వే చెరుపు చేసింది. "కొలత లేనిదానికి మందు ఎట్ల రాస్తారు సార్? స్ట్రెస్ రాతికి ఉంటాది. నాకు లేదు" అని లేచి చెప్పులు తొడుక్కున్నాడు. మాత్రలు బీరువాలో పడ్డాయి. ఎంత బతిమాలినా ఒక్కటీ మింగలేదు.

ఇంక నా తెలివి మొదలైంది. చెట్టు వాడితే నీడ పెట్టాలి, బరువు తగ్గించాలి, కదిలించకూడదు అని నా చదువు. అమ్మనూ ఆయననూ క్యాసంబళ్ళిలో మా మామ ఇంటికి చేర్చాను. మామంటే అమ్మ తమ్ముడు. మామిడి తోట, నాలుగు ఆవులు, మంచి మనసు. నాయనకు ఏ పనీ చెప్పొద్దని అందరికీ ఆజ్ఞ వేశాను. పేపరు దాచేశాం. పాలు పోయించుకునే పని, గడియారానికి కీ ఇచ్చే పని, అన్నీ ఆయన చేతుల్లోంచి లాగేసుకున్నాం. చెంబెడు నీళ్ళు ముంచుకోవడానికి లేచినా ఎవరో ఒకరు పరిగెత్తేవాళ్ళు. అరుగు మీద కూర్చుని, ఖాళీ చేతులు ఒళ్ళో పెట్టుకుని, తోట కేసి చూస్తూ ఉండేవాడు. ప్రతి శనివారం బస్సు దిగి నేను చూసేసరికి, పోయిన వారం కంటే చిన్నగా కనిపించేవాడు.

కార్తీకం వచ్చింది. మా వైపు మామిడి రైతులు అప్పుడు చెట్లకు నీళ్ళు ఆపేస్తారు. బాగా వాడబెడితేనే పూత వస్తుంది. తడి తగిలితే చెట్టు పూత మరిచిపోయి చిగురు వేస్తుంది. తాతల నాటి పని ఇది. మేము చదువుకున్నవాళ్ళం దానికి స్ట్రెస్ ఇవ్వడమని పేరు పెట్టుకున్నాం. మామతో ఆ మాట నేనే అన్నాను, అరుగు మీద నాయన వింటుండగా.

మార్గశిరంలో ఒక శనివారం నేను వెళ్ళేసరికి మామ ఆవుల నీళ్ళ తొట్టి పక్కనున్న తోతాపురి చెట్టు కింద నిలబడి ఉన్నాడు. తోటంతా ముదురాకు. ఆ చెట్టుకు మాత్రం లేత రాగి రంగు చిగుళ్ళు. "ఎవరు పోసినారు దీనికి నీళ్ళు?" అన్నాడు మామ. కోపం ఉంది గొంతులో. ఏడాది పంట మరి.

"నేనే" అన్నాడు నాయన, అరుగు దిగి వస్తూ. "మధ్యాన్నం మీరంతా పడుకుంటే పోసినాను. దినానికి రెండు బిందెలు."

"యాల పోసినావు బావా?"

"తక్కినవి దూరంగా ఉండాయి. ఇది తొట్టి పక్కనే ఉండాది. నీళ్ళు కండ్ల ముందరే ఉండాయి, దానికి మాత్రం ఇచ్చేవాళ్ళు లేరు. చూసేకి కాలేదప్పా."

మామ కోపం ఎటు పోయిందో పోయింది. నాయన ఆగలేదు. అన్ని నెలల మాటలూ ఒక్కసారే వచ్చినట్టున్నాయి. "నీళ్ళు ఆపేది తప్పని నేను అనలేదు. ఎంత ఆపితే పూత, ఎంత ఆపితే చావు, అది కొలిచేవాడు లేకుండా ఆపేదే తప్పు. గనిలో అట్ల చేస్తే మనుషులు పోతారు." తరువాత నా వైపు తిరిగాడు. "నువ్వూ అదే చేసినావు అమ్మణ్ణీ. నా మీది నుంచి అన్నీ తీసేసినావు. తీసేది సులభమే. తీసిన చోట ఒక్క రాయైనా పేర్చినావా?"

నా చదువంతా ఆ చెట్టు కింద మట్టిలో కలిసింది. ఎనిమిదేళ్ళప్పుడే నాకు ఆయన నేర్పిన పాఠం అది. కథకంటే ఇష్టంగా విన్న పాఠం. దాన్ని ఆయన విషయంలోనే మరిచిపోయాను. ఏడుపొచ్చింది, ఏడ్చాను.

మామ తువ్వాలుతో మొహం తుడుచుకుని, "అయితే నువ్వే కొలుచు బావా. నీళ్ళు ఎప్పుడు కట్టాలో నువ్వు చెప్పినాకే కడతాను" అన్నాడు.

ఆ మధ్యాహ్నమే నాయన సున్నం కలిపి చెట్లకు నంబర్లు వేశాడు. నలభై రెండు చెట్లు. క్వార్టర్సు నుంచి తెచ్చుకున్న గళ్ళ రిజిస్టరు పెట్టెలోంచి బయటికి వచ్చింది. రోజూ ఆకు మడిచి చూసి, మొదలు దగ్గర మట్టి వేలెడు తవ్వి తడి చూసి, చెట్టు చెట్టుకూ రాసేవాడు. ఒక గడి పైన ‘స్ట్రెస్’ అని రాసి, దాని కింద ‘బిందెలు’ అని పెట్టాడు. ఏ చెట్టు ఎన్ని బిందెల దాహంతో ఉందో ఆ లెక్క.

"ఇది మీ గని స్ట్రెస్ కాదే నాయనా" అని ఉడికించాను.

"మాట మీదే. యూనిట్ మాత్రం నాది" అన్నాడు. అమ్మ వంటింట్లో నవ్వడం నాకు వినిపించింది.

పుష్యంలో తోట పూసింది, తొట్టి పక్క చెట్టు తప్ప. ఆయన ముద్ద మొత్తం తినే రోజులు కొన్ని, తినని రోజులు కొన్ని. నిద్ర రాలేదు. పని ఒక్కటే మందు కాదని నాకు తెలుస్తూనే ఉంది, కానీ డాక్టరు పేరెత్తడానికి భయం. ఒక శనివారం ఆయనే చొక్కా వేసుకుని, రిజిస్టరు చంకలో పెట్టుకుని, "కోలారుకు పోదాం పదండి" అన్నాడు.

డాక్టరు ఈసారి నవ్వలేదు. "ఎట్లున్నారు పెద్దాయనా?" అన్నాడు. నాయన రిజిస్టరు తెరిచి బల్ల మీద పెట్టాడు. డాక్టరు మా వైపు చాలామందిలాగే తెలుగు మాట్లాడతాడు కానీ చదవలేడు, కన్నడంలో చదువుకున్నవాడు. "నువ్వు చదివి చెప్పమ్మా" అన్నాడు నాతో. నాయన వేలు పెట్టిన చోటు నుంచి చదివాను.

"నలభై మూడు. వాడి ఉండాది. నిద్ర లేదు."

నలభై మూడో చెట్టు ఎక్కడిదని అనుకుంటూనే పేజీ తిప్పాను. "నలభై మూడు. ముద్ద సగమే పోయింది." ఇంకో పేజీ. "నలభై మూడు. గని సైరను లేదు, అయినా వినపడతాది. ఎవరితోనూ మాట్లాడబుద్ధి కాలేదు." మొదటి రోజు నుంచీ ప్రతి పేజీ అడుగునా, నలభై రెండు చెట్ల తరువాత, ఆ ఒక్క వరుస ఉంది.

"ఇది చెట్టు కాదు కదా" అన్నాడు డాక్టరు మెల్లగా.

"నేనే సార్" అన్నాడు నాయన. "చదువమ్మా, ఇంగొకటి ఉండాది. ఈ పొద్దుటిది."

చివరి పేజీలో ఆ వరుస ఎదురుగా స్ట్రెస్ గడిలో బిందెల అంకె లేదు. ఆయన గుండ్రటి అక్షరాలతో ఇట్లా ఉంది: "యూనిట్ తెలీదు. ఉండేది నిజమే. పక్కన రాళ్ళు పేర్చాల."

డాక్టరు కాగితం ముందుకు లాక్కుని మందులు రాయడం మొదలుపెట్టాడు. అమ్మ తన కుర్చీని నాయన పక్కకు జరుపుకుంది. నేను ఇటు పక్కకు జరిగాను.