బైండింగ్ పిన్ని ఆడిన అబద్ధం

వీధి చివరి గదిలో పాత పుస్తకాలకు అట్టలు వేసే ఆవిడను అందరూ బైండింగ్ పిన్ని అంటారు. ఆవిడ వేళ్ళకు ఎప్పుడూ ఎండిన జిగురు పొరలుంటాయి. సూదిలోకి దారం ఎక్కించేటప్పుడు ఎడమ కన్ను మూస్తుంది. కుట్టబోయే పుస్తకాన్ని ముందు చదవడం ఆవిడ అలవాటు. చదువుతూ చదువుతూ కిటికీలోని ఎండకేసి చూస్తూ ఎటో వెళ్ళిపోతుంది; ఈలోగా గిన్నెలో జిగురు గడ్డకడుతుంది.

ఒకసారి ప్రవచనాలు చెప్పే పెద్దాయన ఒక తత్వవేత్త జీవితచరిత్ర తెచ్చి, అందులో ఆ తత్వవేత్త దేవుణ్ణి సందేహించిన అధ్యాయం తీసేసి కుట్టమన్నాడు. "మా అమ్మాయి చదువుతానంటోంది. దాని మనసు చెడిపోకూడదు" అన్నాడు. పిన్ని ఆ అధ్యాయాన్నే మూడు మధ్యాహ్నాలు చదివింది. పెద్దాయన తిరిగి వచ్చేసరికి పుస్తకం ఆ అధ్యాయంతో సహా కుట్టేసి ఉంది.

"అది తీస్తే కుట్టు నిలవదండీ" అంది తలెత్తకుండా. పని విషయంలో ఆవిడ అబద్ధమాడడం అదే మొదలు.

"నువ్వు చదివావా అమ్మా?"

"చదివానండీ. దేవుడు లేడేమోనని ఒక మనిషి అంతలా ఏడవడం నేనెక్కడా చూళ్ళేదు."

పెద్దాయన స్టూలు లాక్కుని కూర్చుని, కళ్ళజోడు సవరించుకుని ఆ అధ్యాయం తెరిచాడు. పిన్ని చప్పుడు కాకుండా చేతిలోని కత్తెర కింద పెట్టింది.