మాటల్లేని యుద్ధంలో తాత చదివిన మాట

నిన్న మా మగ్గాల పేట లింబాయత్‌కు పోయే షేర్ ఆటోలో నా పక్కాయన గుట్కా నములుతూ ఫోన్లో ఎక్కడిదో యుద్ధం శబ్దం తీసేసి చూస్తున్నాడు. పెదవులు కదిలి మాట వినబడని ఆ సైనికులను చూశాక నాకు కూర్చోబుద్ధి కాలేదు, ఆటోలో వేరే సౌకర్యం లేదు కనుక కూర్చున్నాను.

నేను కాలేజీలో ఉన్నప్పుడు మా తాతకూ ఇలాంటి నిలకడలేనితనమే పట్టుకుంది. తాతకు తాత బొంబాయి మిల్లుకు పోయి, అక్కడినుంచి మొదటి ప్రపంచ యుద్ధంలో మూటలు మోయడానికి ఓడ ఎక్కాడు, మళ్లీ రాలేదు. ప్రాణం పోవడం చూసినవాళ్లు లేరు గనుక పెత్రమాస నాడు పెద్దల పేర బియ్యమిచ్చేటప్పుడు మా ఇంట్లో ఎవరూ ఆయన పేరెత్తలేదు. నూరేళ్లు దాటినా మా దృష్టిలో ఆయన బతికే ఉన్నాడు, రేషన్ కార్డులో ఎక్కించడమొక్కటే తక్కువ. తను కూడా పోతే ఆ పేరే మిగలదని తాత దిగులు.

ఆయన పోరు పడలేక ఫోన్లో అప్పటి యుద్ధపు వార్తాచిత్రం వెతికి పెట్టాను. అది మూగది, తాతకు అదొక లోటు కాదు. నలభై ఏళ్లు మరమగ్గాల రొదలో పనిచేసి చెవులు పోగొట్టుకున్నవాడు, అక్కడ అందరూ పెదవులు చూసే మాట్లాడుకునేవారు. ముందు ఇంగ్లీషు అక్షరాలు వచ్చాయి, వీళ్లు పంజాబు కూలీలని. తర్వాత ఓడ దిగుతున్న వరసలో ఒకడు మనవైపు తిరిగి ఏదో అన్నాడు.

"ఆపురా. జర ఆగుర్రి అంటున్నడు. మనోడే."

"ఇంట్ల నేను పిలిస్తె తెల్వదు గని, నూరేండ్ల కిందటోని మాట తెలిసిందా నీకు?" అంది నానమ్మ.

"ఆడిదాక పోయిండు, ఇగ రాలే. చూసినోడు లేడన్నరు గద, నేను చూసిన." తాత నావైపు తిరిగాడు. "ఆ ఇంగ్లీషుల ఏం రాసిండ్రురా?"

పెళ్లిలోనూ చావులోనూ ఊరుకోని నా నోరు ఆ రోజెందుకో బుద్ధిగా ఉంది.

"మూటలు మోసేటోళ్లని రాసిండ్రు తాతా."

ఆ పెత్రమాసకు తాత మొదటిసారి తన తాత పేరు చెప్పి బియ్యమిచ్చాడు, ఆ తర్వాత కాలు గాలినట్టు తిరగడం మానేశాడు.

ఇప్పుడు తాత లేడు. మగ్గాల మధ్య కుర్రాళ్లు చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని ఎవరి పాట వాళ్లు వింటున్నారు, ఎదుటివాడి పెదవులు చూసే పని ఎవరికీ లేదు. బియ్యమిచ్చేటప్పుడు రెండు పేర్లూ నేనే చెబుతాను. ఆ పంజాబువాణ్ణి వాళ్లింట్లో ఎవరైనా తలుస్తున్నారో లేదో తెలియదు గనుక, పేరు చెప్పకుండా ఇంకో దోసెడు కూడా పోస్తాను.