రంగులు కలిపి ఉంచిన శనివారం

సిడ్నీ పక్కన పారమట్టాలో నేను పనిచేసే ఆసుపత్రి వరండాలో ఈ మధ్య కొత్త చెక్క బల్లలు వేశారు. వాటికి అవిసె నూనె పట్టించినట్టున్నారు, పొద్దున్నే అటుగా వెళ్తుంటే ఆ వాసన నన్ను పేరు పెట్టి పిలిచినట్టు ఆపేసింది. మా అమ్మ కొట్టే అవిసె గింజల కారప్పొడికీ దీనికీ దూరపు చుట్టరికం ఉన్నా, నాకు గుర్తొచ్చింది అమ్మ వంటిల్లు కాదు, మా వెనక వీధిలో డచ్ ఆంటీ నాకు బొమ్మలు నేర్పిన గరాజు. వెంటనే కోపం కూడా వచ్చింది. ముప్పై ఏళ్లుగా జాగ్రత్తగా వాడుకుంటున్న కోపం, ఇంకా కొత్తదానిలాగే ఉంది.

ఆవిడ అసలు పేరు పలకడం మా ఇంట్లో ఎవరికీ చేతకాలేదు. డచ్ అనేది ఆవిడ వెంట తెచ్చుకున్నది, ఆంటీ అనేది మేము తగిలించింది. కారు కోసం కట్టిన ఆ గరాజులోకి కారు రావడం నేనెప్పుడూ చూడలేదు. జనవరి ఎండకు రేకు కప్పు పెళపెళలాడేది, బయట చెట్ల మీద సికాడా పురుగులు చెవులు చిల్లులు పడేలా అరిచేవి, లోపల రంగుల్లో కలిపే అవిసె నూనె వాసన, టర్పెంటైన్ వాసన, ఆంటీ కాఫీ వాసన కలిసిపోయి ఏది ఎక్కణ్ణుంచి వస్తోందో తెలిసేది కాదు. దీపావళి రోజుల్లో జకరాండా పూలు రాలి వీధంతా ఊదారంగు తివాచీ పరిచినట్టుండేది. నేను గుమ్మంలో కూర్చుని ఆ పూలను పెన్సిలుతో గీసేదాన్ని. బూడిద రంగులో.

ఎందుకంటే ఆంటీ దగ్గర పద్ధతి అది. అది ఆవిడ ముత్తాతగారి పద్ధతి. పందొమ్మిదో శతాబ్దంలో ఆయన హాలండులో చిత్రకారుడు. మరీ పేరున్నవాడేం కాదు, మ్యూజియంలో ఉన్న ఒకే ఒక్క ఆవు బొమ్మను కూడా మెట్ల కింద వేలాడదీశారట. తండ్రి పడవలకు తారు పూసేవాడు. పదేళ్లవాణ్ణి తెచ్చి ఊళ్లో ఒక చిత్రకారుడి దగ్గర వదిలితే, ముందు కుంచెలు కడగడం, రంగులు నూరడం, తర్వాత పాత అచ్చుబొమ్మలు చూసి గీయడం, ఆ తర్వాత ప్లాస్టరుతో పోతపోసిన ఓ పాదాన్ని నాలుగు వైపుల నుంచీ గీయడం, అదీ అయ్యాక వాన తుంపరలో పచ్చికబయలు మీద నిలబడి, అస్సలు నిలబడని ఆవుల కాళ్లు గీయడం. వేళ్ల నిండా గురువు రంగులే, తన కాగితం మీద మాత్రం నలుపే. వెలుగూ నీడా చేతికి పట్టుబడ్డాకే రంగు.

చివరికి కుర్రాడి చేతికి రంగు వచ్చిన రోజుల్లోనే, తారు పనికి మనిషి చాలక తండ్రి కొడుకును తీసుకుపోవడానికి వచ్చాడట. గురువు తలుపు గడియ పెట్టి, "వాడు వేసిన బొమ్మ ఆరాక పంపిస్తాను, అక్కడే ఉండు" అన్నాడట. నూనె రంగు ఆరడానికి ఎన్నాళ్లు పడుతుందో పాపం తారు పూసే ఆయనకు తెలియలేదు. వానలో నిలబడి నిలబడి ఇంటికెళ్లిపోయాడు. ఆంటీ ఈ కథ చెప్పిన ప్రతిసారీ వాన కొంచెం పెద్దదయ్యేది.

అలాంటి ప్లాస్టర్ పాదాన్నే నేనూ గీశాను. నా స్నేహితురాళ్లు వీధిలో క్రికెట్ ఆడుతూ పెరుగుతుంటే, నేను ఒక బొటనవేలి నీడ దగ్గర పెరిగాను. ఇక్కడ వినాయక చవితి వసంతంలో వస్తుంది. ఆ ఏడు అమ్మ ఆంటీకి ఇవ్వమని స్టీలు డబ్బాలో వేడివేడి ఉండ్రాళ్లు పెట్టి పంపింది. ఆవిడ మూత తీసి, ఒకదాన్ని దీపం దగ్గర అటూ ఇటూ తిప్పి చూసి, తెల్లగుడ్డ మీద తెల్ల ఉండ్రాయిని కూర్చోబెట్టి, గీయమంది. సాయంత్రమయ్యాక ఉప్పు చల్లుకుని దాన్ని తినేసింది.

సంగతి విని అమ్మ చేతిలో గరిటె ఆగిపోయింది. "తినమని పంపిస్తే దానికి బొమ్మ గీయించిందా? చల్లారిపోయాక ఇంకేం రుచుంటుందే, పిచ్చి మాలోకం!"

"నైవేద్యం పెట్టాకే పంపావా?" అన్నారు నాన్న, ఇంజనీరు కాబట్టి క్రమం ముఖ్యం.

అంతా అన్నాక అమ్మ ఆ కాగితం తీసుకెళ్లి వినాయకుడి పక్కన నిలబెట్టింది. నా చిత్రకళా జీవితంలో అదే మొదటి ప్రదర్శన. చివరిది కూడా.

ఉండ్రాయిలో ఏం కనిపించిందో గానీ, "వచ్చే శనివారం రంగు" అంది ఆంటీ. ఆ వారమంతా స్కూల్లో వినేవాళ్లు దొరికితే చెప్పాను, దొరక్కపోయినా చెప్పాను. శనివారం వెళ్లేసరికి ఆవిడ పలక మీద రంగులు కలిపి ఉంచింది. తెలుపు, ఆవు వెన్నలాంటి పసుపు, ఇటుక ఎరుపు, ఒక నీలం. కుంచె చేతిలోకి తీసుకున్నాను. బయట నాన్న కారు ఆగింది.

ఇక్కడ హైస్కూలుకు ముందు, మార్కులు చూసి పిల్లల్ని ఏరుకునే సెలెక్టివ్ స్కూళ్ల పరీక్ష ఒకటుంటుంది. పరాయి దేశంలో మనవాళ్లు ఆవకాయనైనా మర్చిపోతారేమో గానీ కోచింగును మర్చిపోరు.

"లేమ్మా, కోచింగులో సీటొచ్చింది. ఇవాళే ఫస్ట్ క్లాస్."

"నాన్నా, వన్ అవర్. ప్లీజ్."

"వన్ అవర్ లేటైతే ట్రయల్ టెస్ట్ మిస్సవుతావు కదమ్మా. ఎగ్జామ్ అయ్యాక హ్యాపీగా వేసుకో. రంగులెక్కడికి పోతాయి?"

నేను ఆంటీ వైపు చూశాను. గరాజు తలుపుకు గడియ ఉంది, మంచి ఇనప గడియ. ముత్తాతగారి గురువు ఏం చేశాడో ఆవిడకు నాకంటే బాగా తెలుసు. ఆవిడ ఏం చేసిందంటే, నాన్నను టీ తాగుతారా అని అడిగింది. నాన్న తాగారు. బిస్కెట్టు కూడా తిన్నారు. నా రంగులకు లేని సమయం టీకి దొరికింది. ఇందులో అన్యాయం ఎవరిదని అడిగితే, ఇద్దరిదీ అంటాను, బిస్కెట్టుతో సహా.

పరీక్ష అయింది. సీటొచ్చింది. ఒక పరీక్ష అయ్యాక ఇంకో పరీక్ష ఉంటుందని నాకెవరూ చెప్పలేదు. రంగులెక్కడికీ పోలేదు, ఆంటీయే పోయింది, క్వీన్స్‌లాండులో కూతురి దగ్గరికి. ఇల్లూ గరాజూ కూలగొట్టి అపార్ట్‌మెంట్లు లేపారు, జకరాండాను కూడా వదల్లేదు. ఒక పాదాన్ని ఏళ్ల తరబడి గీయించే ఓపిక ఇప్పుడు సిడ్నీలో ఎక్కడా అద్దెకు దొరకదు. రెండు గంటల్లో మీ కళాఖండం మీ చేతికి, మధ్యలో స్నాక్స్ అని బోర్డులు మాత్రం ఉన్నాయి. నేను రేడియాలజిస్టునయ్యాను. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా నలుపూ తెలుపూ బొమ్మల్లో నీడలు వెతుకుతాను. ఆ డ్రాయింగ్ ట్రైనింగు వేస్టేం కాలేదని అమ్మ అందరికీ చెబుతుంది. నేను పళ్లు బిగించి నవ్వుతాను.

రిటైరయ్యాక నాన్న, కాలక్షేపం కోసమని, పెద్దవాళ్ల బొమ్మల క్లాసులో చేరారు. మొన్న ఆదివారం భోజనానికి వెళ్తే ముందు గదిలో గోడ మీద లోరికీట్ చిలక కనిపించింది. దేవుడు దానికిచ్చిన రంగులన్నీ ఉన్నాయి, నాన్న ఇచ్చినవి ఇంకో రెండు ఉన్నాయి. కాళ్లెక్కడున్నాయో తెలియడం లేదు.

"ఎలా ఉందమ్మా?"

"ఎన్నో క్లాసులో వేశావు?"

"ఫస్ట్ క్లాసే! నేను వెళ్లగానే మా టీచరు రంగులన్నీ చేతికిచ్చేసింది. చాలా ఈజీ అమ్మా. నువ్వు కూడా చిన్నప్పుడు నేర్చుకుని ఉండాల్సింది."

వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగిపోయింది. అమ్మ వింటోంది.

"నేర్చుకుంటుంటే, ఆ శనివారం వచ్చి నన్ను లేపి తీసుకెళ్లింది నువ్వే కదా నాన్నా?"

నాన్న కళ్లజోడు తీసి, చొక్కా అంచుతో తుడుచుకుని, మళ్లీ పెట్టుకుని, నిజంగానే గుర్తు తెచ్చుకోవడానికి ప్రయత్నించారు. అది కనిపిస్తూనే ఉంది. చాలాసేపు ప్రయత్నించారు.

"ఏ శనివారం అమ్మా?" అన్నారు.