పిడికెడు ఇసుక

విశాఖ సముద్రంల, మనిషికొక్కటిగ తెడ్డేసుకుంట పోయే చిన్న పడవల టూరుకు పోదామని, మిర్యాలగూడల కూసొని వారం రోజులు ఫోన్ గెలికిన. ఫొటోలు చూసిన, రేటింగులు చూసిన. ఆఖరికి ఎంచుకున్న టూరుకు గైడు ఒక ముసలి జాలరి.

పడవలు దించే ముందు ఆయన పిడికెడు ఇసుక ఎత్తి, మెల్లగ జారవిడిచి, ఎటు పడుతున్నదో చూసిండు. రెండడుగులు నడిచి మళ్లీ అదే పని. ఏదో మొక్కు అనుకొని నేను గూడ దండం పెట్టిన.

"గాలి సముద్రం లోపలికి తోస్తంది బాబూ. తెడ్డు ఆపకండి," అన్నడు.

"నాకు చెప్తున్నవా పెద్దాయనా? సాగర్ కాల్వల ఈదినోణ్ణి," అన్న.

కాల్వల అలిసిపోతే చేతులు వదిలేస్తం. పారే నీళ్లే ముందున్న మెట్లకాడికి తీస్కపోతయి. సముద్రంల గూడ అట్లనే తెడ్డు ఒళ్లె పెట్టుకొని కూసున్న. తలెత్తేసరికి ఒడ్డు మీదున్న మా ఆమె చీర రంగు గుర్తుపట్టరాలేదు. నేను అరిచిన అరుపుకు ఆయన వచ్చి, నా పడవకు తాడు కట్టి, ఒక్క మాట తిట్టకుంట లాక్కొచ్చిండు.

ఒడ్డుకొచ్చినంక, "మీదే ఊరు బాబూ?" అన్నడు.

"మిర్యాలగూడ పక్కన వేములపల్లి దిక్కు. అంత వరి పొలాలే."

"మరి వడ్లు తూర్పారబట్టే ముందు గాలెటుందో సూడరా?"

చూస్తం. మా అమ్మ కల్లంల పిడికెడు వడ్లు ఎత్తి, అచ్చం ఆయన లెక్కనే జారవిడిచి చూసేది. అయినా గాలి కొట్టే దిక్కుకే పోయి నిలవడి, పొల్లంత కండ్లల్ల కొట్టించుకునేటోణ్ణి మా ఇంట్ల నేనొక్కణ్ణే.